గోడకు మిగిలిన చెవి

జట్టులో అందరూ ఆమెను 'గోడ' అంటారు. వెక్కిరింపు కాదు. పద్నాలుగేళ్లుగా నడిమధ్యన అడ్డంగా పడి బంతులు ఆపుతున్న మనిషిని ఇంకేమని పిలుస్తారు? చిన్నవాళ్లు గోడక్కా అంటారు. "బంగారంలాంటి పిల్లను పట్టుకుని గోడ ఏమిటి, మీ మొహాలు మండ!" అని వాళ్లమ్మ మొదట్లో నానా యాగీ చేసింది. ఏడాది తిరక్కుండా తనే ఆటల హాలుకు ఫోను చేసి, "మా గోడ బయల్దేరిందా?" అని అడగడం మొదలుపెట్టింది.

"గోడలకు చెవులుంటాయంటారు. మన గోడకు నాలుగున్నాయి," అని కోచ్ మేడం ఒకరోజు అంది. ఎవరినీ ఊరికే మెచ్చుకునే రకం కాదు ఆవిడ. అందుకే ఆ మాట జట్టులో నిలిచిపోయింది. గోడ పైకి నవ్వేసింది గానీ ఇంటికి వెళ్లి వాళ్లమ్మకు రెండుసార్లు చెప్పింది.

ఆట తెలియనివాళ్లకు ఇక్కడ ఒక ముక్క చెప్పాలి. గోల్‌బాల్ చూపు లేనివాళ్ల ఆట. అటు ముగ్గురు, ఇటు ముగ్గురు. కొందరికి బొత్తిగా కనపడదు, కొందరికి మసక మసకగా కనపడుతుంది. అందుకని అందరూ కళ్లకు గంతలు కట్టుకోవాల్సిందే. బంతి లోపల మువ్వలుంటాయి. అవతలివాళ్లు దాన్ని నేల మీద దొర్లేలా బలంగా విసురుతారు. మువ్వల చప్పుడు ఎటు వస్తోందో విని, ఒళ్లంతా చాపి నేల మీద పడి ఆపాలి. వెనక కోర్టు వెడల్పంతా వల కట్టిన గోల్‌పోస్టే. గీతలు కళ్లకు కాదు, చేతికి తెలియాలి కనుక టేపు కింద పురికొస పెట్టి అంటిస్తారు. అది కాలి వేలికి తగిలితే, ఇది నా చోటు అని తెలుస్తుంది. బంతి కదులుతున్నంతసేపూ చూసేవాళ్లు కిక్కురుమనకూడదు. గోడ వాళ్లమ్మ ఈ ఒక్క నియమానికి జడిసి మ్యాచ్‌లకు రావడం మానేసింది. ఆవిడ నోట్లో నువ్వుగింజ నానదు. అలాంటి మనిషిని నోరు మూసుకుని కూర్చోమంటే ఎలా?

ఆట కూడు పెట్టదు కదా. గోడ పగలు పింగాణీ ఫ్యాక్టరీలో పనిచేస్తుంది. బట్టీలోంచి వచ్చి చల్లారిన ప్లేట్లు చిట్టచివరి గదిలో ఆమె బల్ల మీదికి వస్తాయి. ఎడమ చేతి మూడు వేళ్ల మీద ప్లేటును నిలబెట్టి, ఎడమ చెవి దగ్గరికి తెచ్చుకుని, కుడి చేతిలోని చిన్న చెక్క గరిటెతో అంచు మీద టక్కున కొడుతుంది. మంచి ప్లేటు ఖంగుమంటుంది. ఆ మోత కాసేపు గాలిలో నిలుస్తుంది. పగులున్న ప్లేటు మూలుగుతుంది, అంతే. "మంచిది" అంటే కుడివైపు దొంతరలోకి. "తీసెయ్" అంటే పక్కనున్న డబ్బాలోకి. పదకొండేళ్లుగా ఆ రెండు మాటలూ పైకే అంటుంది, ఎదుటి బల్ల దగ్గరమ్మాయి విని చీటీ అంటించాలి కాబట్టి. కళ్లద్దాలు పెట్టుకుని బల్బు కింద తిప్పి తిప్పి చూసేవాళ్లకు దొరకని వెంట్రుకవాసి పగుళ్లు ఆమెకు దొరికిపోతాయి.

అలాంటి మనిషి దగ్గరికి ఒక మంగళవారం ఉదయం సూపర్‌వైజరు నాలుగు ప్లేట్లు పట్టుకుని వచ్చాడు.

"ఏమ్మా, ప్లేట్ల మీద ఏమైనా పగబట్టావా?"

"ఏమైంది సార్?"

"నిన్న డబ్బా నింపేశావు. అనుమానం వచ్చి మళ్లీ చూశాను. సగానికి పైగా మంచివే. పగిలినదాన్ని వదిలేశావంటే అర్థముంది, ఎవరైనా చేసే తప్పే. మంచివాటిని పట్టుకుని పగిలాయంటే ఎలా?"

ఆమెకు ఒళ్లు మండింది. ఒక ప్లేటు లాక్కుని, చెవి దగ్గర పెట్టుకుని కొట్టింది. అది మూలిగింది. "పగిలిందే సార్, మీరే వినండి!" అంది. ఆయన దాన్ని తీసుకుని ఆమెకు కుడివైపున నిలబడి వేలిగోటితో కొట్టాడు. ఖంగుమంది.

గోడ చెయ్యి చాచింది. ప్లేటు తీసుకుని కుడి చెవి దగ్గర కొట్టింది, ఖంగు. ఎడమ చెవి దగ్గర కొట్టింది, మూలుగు. మళ్లీ కుడి. మళ్లీ ఎడమ. పగిలింది ప్లేటు కాదు.

"జలుబు చేసింది సార్," అంది. మంచి మనిషి కనుక ఆయన నమ్మేశాడు. ఆ రోజు నుంచి ప్లేటు కుడి చేతిలోకి, గరిటె ఎడమ చేతిలోకి మారాయి. రెండు రోజులు చేతులు తడబడ్డాయి, తర్వాత కుదురుకున్నాయి. పని దగ్గర చెయ్యి మారిస్తే సరిపోయింది. ఆటలో మార్చడానికి ఏముంది? బంతి ఎటు వస్తోందో తెలియాలంటే రెండు చెవులూ ఉండాలి. ఒక్క చెవితో వింటే లోకమంతా ఒకే పక్కనుంచి వస్తున్నట్టుంటుంది.

చెవిలో గుబిలేమో అన్న ఆశతో వాళ్లమ్మను వెంటబెట్టుకుని చెవుల డాక్టరు దగ్గరికి వెళ్లింది. ఆయన ఏవో గొట్టాలు పెట్టి, ఏవో చప్పుళ్లు వినిపించి, నరం దెబ్బతిందని, ఇక తిరిగి రాదని మెల్లగా చెప్పాడు. మెల్లగా చెబితే మాత్రం మాట మారుతుందా? గోడ దారంతా వాళ్లమ్మ భుజం పట్టుకుని నడిచింది. పుట్టినప్పటి నుంచి ఆమెకు వెలుతురూ నీడా తప్ప మరేమీ తెలియదు. కళ్లు లేకపోతేనేం, చెవులున్నాయిగా అని ముప్పయ్యారేళ్లు చెప్పుకున్న మనిషి, ఇప్పుడు ఏమని చెప్పుకోవాలి? భయం వేసింది. చిన్నపిల్లకు వేసినంత భయం వేసింది.

ఇంటికి వచ్చాక వాళ్లమ్మ కళ్లు తుడుచుకుని, "అదా సంగతి! ఈ మధ్య నేను ఎన్ని చెప్పినా ఉలకవు, పలకవు. ఈ చెవిన విని ఆ చెవిన వదిలేస్తున్నావనుకున్నాను," అంది.

"ఇక ఆ బెంగ లేదులేమ్మా. వదలడానికి ఆ చెవి లేదు."

ఇద్దరూ నవ్వారు. నవ్వుతూనే వాళ్లమ్మ మళ్లీ ఏడ్చింది.

అసలు చిక్కు ఎక్కడంటే, అప్పటికి వారమే ఉంది క్యాంపుకు. మహిళల జాతీయ జట్టు మొట్టమొదటిసారి దేశం దాటి పెద్ద పోటీకి వెళుతోంది. క్యాంపుకు ఎనిమిది మంది, వెళ్లేది ఆరుగురు. మళ్లీ అలాంటి పోటీ నాలుగేళ్లకు గానీ రాదు. అప్పటికి గోడకు నలభై. మోకాళ్లు ఇప్పటికే మెట్లెక్కేటప్పుడు ముందుగా కబురు పెడుతున్నాయి.

"చెప్పకు," అంది వాళ్లమ్మ. "పద్నాలుగేళ్లు నేల మీద దొర్లావు. ఒక్కసారి వెళ్లి రా. తర్వాత చెప్పుకోవచ్చు."

"నువ్వు ఎవరితోనూ అనకుండా ఉండగలవా?"

"నా నోటికి తాళం," అంది ఆవిడ. చిత్రమేమిటంటే, నిజంగానే తాళం వేసుకుంది. ఎదురింటావిడకు కూడా చెప్పలేదు. తల్లి నోరు కట్టుకోవడం చూశాక, తను ఎంత పెద్ద అబద్ధం మొయ్యబోతోందో గోడకు అర్థమైంది. అయినా మోసింది.

క్యాంపులో గోడకు ఎడమ పక్కన ఆడేది పిట్ట. పంతొమ్మిదేళ్ల పిల్ల. నాలుగేళ్ల కిందట మొదటిసారి హాలుకు వచ్చినప్పుడు తలుపు దగ్గరి గోడను పట్టుకుని వదల్లేదు. "ఆ గోడనెందుకే పట్టుకుంటావు, ఈ గోడను పట్టుకో," అని చెయ్యి అందించి లోపలికి తీసుకెళ్లింది గోడ. పురికొసను కాలి బొటనవేలితో ఎలా వెతకాలో, పడేటప్పుడు పక్కటెముకలు ఎలా కాచుకోవాలో దగ్గర కూర్చుని నేర్పింది. అది మొదలు ఆ పిల్ల గోడకు ఎడమ పక్కన చేరి కిచకిచలాడుతూనే ఉంటుంది. పిట్ట అనే పేరు అందుకే వచ్చింది.

క్యాంపు మొదటి రోజుల్లో గోడకూ పిట్టకూ మధ్యలోంచి బంతులు దూరిపోయాయి. ఎడమకు వచ్చే బంతి గోడకు కుడినుంచి వస్తున్నట్టు వినపడుతోంది మరి. అటు పడితే ఇటు నుంచి పోతుంది. "ఏమిటి మీ ఇద్దరి మధ్య, పెళ్లి ఊరేగింపు పట్టేంత సందుంది!" అని కోచ్ మేడం ఇద్దర్నీ కలిపి తిట్టింది. రెండో వారానికి ఆ సందు మూసుకుపోయింది. గోడ గుండె కాస్త కుదుటపడింది. అలవాటవుతోంది, ఒక్క చెవితో కూడా లాగించేయొచ్చు అనుకుంది. మనిషికి తనకు కావలసిన అబద్ధం ఎంత తొందరగా రుచిస్తుందో!

కానీ ఇప్పుడు గోల్స్ ఎడమ మూలలోంచి పడుతున్నాయి. అచ్చంగా పిట్ట కాచుకోవలసిన మూల.

"ఆ మూల ఎవరిది?" మేడం గొంతు హాలంతా మోగేది.

"నాదే మేడం."

"మరి నువ్వెక్కడ తగలడ్డావు?"

"సారీ మేడం."

రోజుకు ఐదారుసార్లు ఇదే వరస. పిట్ట ఎదురు చెప్పదు, సాకు చెప్పదు. పై అంతస్తులో ఇద్దరికీ ఇచ్చిన గదిలో రెండు మంచాలు పక్కపక్కనే. సాయంత్రం ఆ పిల్ల మోచేతికి మందు రాసుకుంటూ, "ఆరుగురిలో నేనుండనులే అక్కా. మేడం గొంతులోనే తెలుస్తోంది," అంది ఒకరోజు. 'నువ్వే ఉంటావే పిచ్చిదానా' అనాలనుకుంది గోడ. అనలేకపోయింది. ఆ పిల్ల తప్పుకుంటే తన చోటు గట్టిపడుతుంది. ఆ ఆలోచన తనకే వచ్చిందని తెలిసి, సిగ్గుతో గోడవైపు తిరిగి పడుకుంది. అయినా మర్నాడు కూడా నోరు విప్పలేదు.

ఆఖరి రోజు వచ్చింది. పొద్దున ఒక్క మ్యాచ్. భోజనాలయ్యాక ఆరు పేర్లు చదువుతారు. మేడం ఎనిమిది మందినీ మార్చి మార్చి ఆడిస్తోంది. గోడ, పిట్ట ఎప్పటిలాగే పక్కపక్కన ఉన్నారు. రిఫరీ "నిశ్శబ్దం" అన్నాడు. హాలు గప్‌చుప్ అయింది. "ప్లే."

మువ్వలు మోగాయి. గోడ పడింది. బంతి ఆమె పాదాలకు తగిలి, బలం చచ్చి, ఎడమవైపు ఎక్కడికో దొర్లింది. పది సెకన్లలో తిరిగి విసరాలి. ఆమె పురికొస మీద అరచెయ్యి వేసి ఎడమకు పాకుతూ వెతికింది. మూరెడు దూరం వెళ్లిందో లేదో, చేతికి బంతి తగల్లేదు, కాలి మడమ తగిలింది.

పిట్ట మడమ. పిట్ట ఉండాల్సిన గీత అక్కడికి రెండు బారల అవతల ఉంది.

ఆమె చెయ్యి అక్కడే ఆగిపోయింది. అంటే సందు మూసుకుపోలేదు. ఈ పిల్ల తన మూలను గాలికి వదిలేసి, వచ్చి ఈమె సందును మూస్తోంది. మూలలో పడ్డ ప్రతి గోలూ, తిన్న ప్రతి తిట్టూ ఇక్కడివే.

"నీ గీత అక్కడ కదే! ఇక్కడేం చేస్తున్నావు?" అంది గోడ, గొంతు తగ్గించి.

పిట్ట మోకాళ్ల మీద పాకుతూ గోడ వెనకగా చుట్టూ తిరిగి, కుడివైపుకు వచ్చి, కుడి చెవిలో చెప్పింది. "ఊరుకో అక్కా, మేడం వింటుంది."

కుడి చెవిలో! గోడ అటు తిరిగింది. "నీకు తెలుసా?"

"మొదటి రోజే తెలిసింది. నీ ఎడమ చెవి దగ్గర మేడం గురకపెట్టినట్టు పెట్టి చూపించాను. నవ్వలేదు. అనుమానమొచ్చి 'ఒసేయ్ ముసలిదానా' అన్నాను. అన్నాక దెబ్బ తప్పించుకుందామని పక్కకు దూకాను కూడా. నువ్వు తన్నలేదు. నువ్వు తన్నకపోతే ఏడుపొచ్చింది అక్కా."

పది సెకన్లు ఎప్పుడో అయిపోయాయి. రిఫరీ ఈల ఊదాడు.

ఈ ఆటలో గంతలు ముట్టుకోవాలంటే రిఫరీ అనుమతి అడగాలి. అడక్కుండా ముట్టుకుంటే పెనాల్టీ. పద్నాలుగేళ్లలో గోడ ఒక్కసారి కూడా ఆ తప్పు చేయలేదు. ఇప్పుడు అడగలేదు. లేచి నిలబడి, గంతలు లాగేసి, చేత్తో పట్టుకుంది. రిఫరీ అలవాటు కొద్దీ మళ్లీ ఈల ఊది చెయ్యెత్తాడు. పాపం, ఆయన పని ఆయనది.

"ఏమిటది? ఏం చేస్తున్నావు?" అంది మేడం.

"మేడం, గోడకు ఒక చెవి పోయింది."

ఏదో మూల బంతి దొర్లుతూ మువ్వలు ఒకసారి గలగలమని ఆగిపోయాయి.

"ఎడమ చెవి. క్యాంపుకు ముందే పోయింది. ఎడమకు వచ్చేవి నాకు తెలియడం లేదు. ఈ పిల్ల నాకోసం లోపలికి జరిగి ఆడుతోంది. ఆ మూలలో పడ్డ గోల్స్ అన్నీ నావే. తనవి కావు."

మేడం అడుగులు దగ్గరికి వచ్చాయి. "ఇన్నాళ్లూ ఈ పిల్లను నా చేత తిట్టించావా?"

"తిట్టించాను మేడం."

"నీకు మనసెలా ఒప్పింది?"

"వెళ్లాలని ఆశ మేడం," అంది గోడ. ఇంకేమీ దాచుకోలేదు. "చచ్చేంత ఆశ."

మేడం పిట్టను కూడా చడామడా తిట్టింది, మూల వదిలేసినందుకు, తనకు చెప్పనందుకు, ఇద్దరూ కలిసి తన కళ్లలో దుమ్ము కొట్టినందుకు. తిట్టి తిట్టి, చివరికి ముక్కు చీదుకుంది. అందరికీ వినపడింది.

భోజనాలయ్యాక ఆరు పేర్లు చదివారు. పిట్ట పేరు మూడోది. గోడ పేరు లేదు. ఉండదని తెలుసు. తెలిసినా, ఆరో పేరు చదివేదాకా ఆమె చెవి రిక్కించే ఉంది. ఎంత చెడ్డా ఆశ కదా!

వాళ్లు వెళ్లిన రెండో ఆదివారం మధ్యాహ్నం మ్యాచ్ ఫోనులో వచ్చింది. గోడ ఇంట్లో బల్ల దగ్గర కూర్చుని ఫోను కుడి చెవికి ఆనించుకుంది. వాళ్లమ్మ తన కుర్చీని ఎప్పుడో కుడివైపుకు మార్చుకుంది. ఆ రోజు ఆ కుర్చీలో, కొంగు నోటికి అడ్డం పెట్టుకుని, హాలులో కూర్చున్నట్టే కూర్చుంది. ఫోనులో బంతి కదులుతున్నంతసేపూ వ్యాఖ్యాత కూడా మాట్లాడడు. మువ్వలు, ఆ వెంటనే ఒక చప్పుడు, అంతే. ఒంటికి తగిలితే చెంప మీద కొట్టినట్టు ఫెడేలుమంటుంది. వలలో పడితే మెత్తగా ఉంటుంది. ఎటువైపు అన్నది ఒక్క చెవికి తెలియదు గానీ, మంచిదో చెడ్డదో తెలియడానికి ఒక్క చెవి చాలు. ఆ పని ఆమె పదకొండేళ్లుగా చేస్తోంది.

ఆఖరి నిమిషంలో మనవాళ్లు ఒక్క గోలు ముందున్నారు. అప్పుడు పెనాల్టీ పడింది. తప్పు పిట్టదే, బంతి ఎత్తుగా విసిరింది. తప్పు చేసినవాళ్లే ఒంటరిగా నిలబడి మొత్తం గోలును కాచుకోవాలి. పక్కన ఎవరూ ఉండరు, కుడినా ఎడమనా.

"నిశ్శబ్దం," అన్నాడు ఎవరో, ఎంతో దూరంనుంచి.

గోడ ఊపిరి బిగబట్టింది. వాళ్లమ్మ కూడా బిగబట్టింది. మువ్వలు మోగుతూ వచ్చాయి, వచ్చాయి. ఫెడేల్‌మంది.

"మంచిది!" అంది గోడ, ప్లేటును దొంతరలో పెట్టేటప్పుడు అన్నట్టే. వ్యాఖ్యాత అరుపు ఆ తర్వాత వినపడింది.

"ఇప్పుడు నేను మాట్లాడొచ్చా?" అంది వాళ్లమ్మ. మాట్లాడొచ్చని చెప్పేలోపే కాలనీ అంతా వినేలా అరిచింది.

గంట తర్వాత ఫోను మోగింది. వెనక ఒకటే గోల, నవ్వులు, ఎవరో ఏడుస్తున్న చప్పుడు. వాటన్నిటి మధ్యనుంచి ఆ గొంతు వచ్చింది.

"ఒసేయ్ ముసలిదానా! వినపడిందా?"

గోడ ఫోనును కుడి చెవికి గట్టిగా అదుముకుంది.

"వినపడిందే. ఇంటికి రా, తంతాను."